పెరిగే మడత

టేపక్క లెక్కల పరీక్ష తప్పడం అది రెండోసారి. మొదటిసారి ముప్పై మూడు మార్కులొచ్చాయి, రెండోసారి ముప్పై అయిదు. గట్టెక్కాలంటే నలభై రావాలి. ఇలా రెండేసి పెరుగుతూ పోతే ఇంకో మూడుసార్లు రాస్తే చాలని భర్త ఓదార్చబోయాడు. ఆవిడ చూసిన చూపుకు ఆయన తక్కిన మాటలు మింగేసి, గరిటె పట్టుకుని వంటింట్లోకి తప్పుకున్నాడు. ఆయన సిటీ బస్సు డ్రైవరు. బస్సులో అరవై మందిని ఒక్క కేకతో సర్దగలడు గాని, ఇంట్లో ఉన్న ఇద్దరి జోలికి మాత్రం పోడు.

ముప్పై ఏడేళ్ళ మనిషికి అయిదో తరగతి పరీక్ష గొడవ ఎందుకు పట్టిందంటే, అదంతా ఒక బల్ల కోసం.

స్కూలు యూనిఫారాలు కుట్టే వర్క్‌షాపులో ఆవిడది పదిహేనేళ్ళ సర్వీసు. మెడలో టేపు లేకుండా ఆవిడను చూసినవాళ్ళు లేరు, అందుకే అందరికీ టేపక్క. అక్కడ పన్నెండు కుట్టుమిషన్లుంటే, వాటన్నిటికీ ఎదురుగా ఒక్కటే కటింగ్ బల్ల. ఆ బల్ల దగ్గర నిలబడే మనిషికి మోకాళ్ళు దాటే బూడిదరంగు కోటు ఉంటుంది. ఇప్పుడా కోటు మాస్టారిది. మాస్టారి చేతులు వణకడం మొదలై మూడేళ్ళయింది. అప్పటినుంచీ ఆయన సుద్దముక్క పట్టుకుని ఠీవిగా నిలబడితే, కత్తెర ఆడించేది టేపక్కే. ఈ సంగతి మేనేజరుకు తప్ప అందరికీ తెలుసు. నిజానికి మేనేజరుకు కూడా తెలుసు, తెలియనట్టు ఉంటాడు, అంతే.

మాస్టారు వచ్చే నెలాఖరుకు రిటైరవుతున్నారు. బల్ల దగ్గర నిలబడేవాళ్ళు ఏ ఆర్డరుకు ఎంత గుడ్డ పడుతుందో లెక్క రాసి సంతకం పెట్టాలి గనక ప్రాథమిక పరీక్ష పాసై ఉండాలని రూలు. టేపక్క చదువు నాలుగో తరగతిలోనే ఆగిపోయింది. భాష పరీక్ష మొదటి విడతలోనే పాసైంది, లెక్కలు మాత్రం మిగిలిపోయాయి. పాసైతే బల్ల ఆవిడది. తప్పితే బయటినుంచి ఎవరో వస్తారు, ఆవిడ మళ్ళీ గుండీలు కుట్టే మూలకు పోవాలి. అయిదు వారాల్లో మరో పరీక్ష ఉంది. మాస్టారు వెళ్ళేలోగా ఇక అదే ఆఖరు.

"ఈసారి నీకు నేను చెప్తాను," అంది కూతురు.

కూతురికి పదకొండేళ్ళు. సన్నగా పొడుగ్గా ఉంటుంది, చెవి మీద ఎప్పుడూ పెన్సిల్ ఉంటుంది. అందుకని దాన్ని ఇంటాబయటా పెన్సిల్ అనే పిలుస్తారు. లెక్కలంటే దానికి ప్రాణం, కుట్టు అంటే తలనొప్పి. సూది ఇస్తే రెండు వేళ్ళతో దూరంగా పట్టుకుని, ఎవరికైనా ఇచ్చేద్దామా అన్నట్టు చుట్టూ చూస్తుంది.

పాత ప్రశ్నపత్రాలు రెండూ ముందేసుకుని పెన్సిల్ తేల్చిన సంగతేమిటంటే, రెండింట్లోనూ వయసుల లెక్క వచ్చింది. దానికి ఎనిమిది మార్కులు. రెండుసార్లూ తల్లికి సున్నా.

"ఆ ఒక్కటి చేసుంటే నలభై మూడు వచ్చేవమ్మా! మిగతావన్నీ నీకు కొట్టినపిండి. దీని దగ్గరే ఎందుకు పడిపోతున్నావు?"

"ఏమోనే. బాగానే చేశాననుకున్నాను."

చేసి చూపించమంది పెన్సిల్. పుస్తకంలో లెక్క ఇది. తండ్రి వయసు కొడుకు వయసుకు నాలుగు రెట్లు. ఇరవై ఏళ్ళ తరువాత తండ్రి వయసు కొడుకు వయసుకు రెండు రెట్లే అవుతుంది. ఇప్పుడు ఎవరికెన్నేళ్ళు?

టేపక్క లెక్క చేసే తీరు గౌను ట్రయల్ చూసినట్టు ఉంటుంది. ఒక అంకె వేసి చూస్తుంది, బిగుతైతే కాస్త వదులు చేస్తుంది. అలా పెదాలు కదుపుతూ, వేళ్ళు ముడుస్తూ కాసేపు చేసి, తలెత్తి ధీమాగా చెప్పింది.

"కొడుక్కి ఇరవై. తండ్రికి ఎనభై."

పెన్సిల్ కళ్ళు తేలేసింది. "ఎనభై ఏళ్ళ తండ్రికి ఇరవై ఏళ్ళ కొడుకా?"

"కొందరికి లేటుగా పుడతారే."

వంటింట్లోంచి ఖంగుమని గరిటె కిందపడిన శబ్దం వచ్చింది. బస్సు డ్రైవరు నవ్వు ఆపుకోలేకపోయాడని ఇద్దరికీ అర్థమైంది.

"సరిచూడు కావాలంటే," అంది టేపక్క రోషంగా. "ఎనభై అంటే ఇరవైకి నాలుగు రెట్లు. అయిందా? ఇరవై ఏళ్ళ తర్వాత కొడుక్కి నలభై. ఎనభై దానికి రెండు రెట్లు. ఎక్కడ తప్పు?"

"ఇరవై ఏళ్ళ తర్వాత తండ్రికి కూడా ఎనభయ్యేనా?"

టేపక్క వేళ్ళు మళ్ళీ ముడిచి చూసుకుంది. తప్పు తెలిసింది. తెలిసినందుకు సంతోషంగా, సరైన జవాబు కొడుక్కి పది, తండ్రికి నలభై అని రాసుకుని రెండుసార్లు గీత గీసింది. మర్నాడు ఇంకో లెక్క ఇస్తే మళ్ళీ అదే పని చేసింది. ఆ మర్నాడూ అంతే. తల్లీకొడుకులైనా, మామా మేనల్లుళ్ళైనా, ఎన్నేళ్ళు గడిచినా ఆవిడ చేతిలో పిల్లలే పెరిగేవాళ్ళు. పెద్దవాళ్ళు ఉన్నచోట ఉన్నట్టే ఉండేవాళ్ళు. చెప్పినప్పుడు చక్కగా తల ఊపేది, కలం పట్టుకోగానే చెయ్యి మళ్ళీ పాతదారే పట్టేది. పైగా జవాబు సరిచూసుకుంటే ప్రతిసారీ సరిపోయేది, అదీ దాని మాయ.

పెన్సిల్ బొమ్మలు గీసింది, డబ్బాలు గీసింది, వాళ్ళ స్కూల్లో నేర్పినట్టు ఎక్స్ వేసి చెప్పింది. "ఈ ఎక్స్ ఎవరే మధ్యలో?" అంది టేపక్క. మూడు వారాలు అలాగే గడిచాయి. పిల్లకు తల ప్రాణం తోకకొచ్చింది.

మూడో వారం చివర్లో ఒక సాయంత్రం టేపక్క వర్క్‌షాపు నుంచి మొహం వేలాడేసుకుని వచ్చింది. మేనేజరు ఆ రోజు ఎవరో కొత్తాయనను తీసుకొచ్చి కటింగ్ బల్ల చూపించాడట. ఆయన బల్ల అంచు మీద చెయ్యి వేసి, ఎత్తు కాస్త తక్కువగా ఉంది, మార్పించాలి అన్నాడట. ఆ ఎత్తు టేపక్కకు సరిగ్గా సరిపోతుంది. ఆ సాయంత్రం మొదటి లెక్కలోనే తప్పు రాగానే నోటు పుస్తకం విసిరి గోడకు కొట్టింది.

"నాకు రాదు! ఈ జన్మకు రాదు! గుండీలు కుట్టుకుంటాను, ఏం, తిండి అరగదా?"

పెన్సిల్ లేచి గోడ దగ్గరికి వెళ్ళింది. పుస్తకం తెచ్చి, నలిగిన పేజీలు అరచేత్తో సాపు చేసి, బల్ల మీద పెట్టింది. దాని కింది పెదవి వణకడం టేపక్క చూసింది. చూసి, తన మీద తనకే అసహ్యం వేసింది.

మర్నాడు శనివారం. వర్క్‌షాపులో ఒంటిపూట పని. అందరూ వెళ్ళిపోయాక టేపక్క కూతుర్ని అక్కడికే రమ్మంది. దాని యూనిఫారం స్కర్టు పొట్టిదైపోయి మోకాళ్ళు కనబడుతున్నాయి. అది సరిచేస్తానన్న వంకతో, నిన్నటి కోపానికి ఎలాగో ఒకలా క్షమాపణ చెప్పుకోవాలని ఆవిడ ఉద్దేశం. నోటితో చెప్పడం ఆవిడకు చేతకాదు. స్కర్టు ఒళ్ళో వేసుకుని, కుట్లు విప్పే చిన్న కత్తితో అంచు విప్పింది. లోపల మడిచిపెట్టిన రెండంగుళాల గుడ్డ బయటికొచ్చింది. ఎండా సబ్బూ తగలక అది కొత్తగా, ముదురు నీలంగా మెరిసింది.

"ఇంత గుడ్డ లోపలే ఉందా!" అంది పెన్సిల్.

"పెరిగే మడత. పిల్లల బట్టలన్నిటికీ పెడతాం. మీరు ఏడాది తిరిగేసరికి తాడిచెట్లయి కూర్చుంటారుగా. మడత విప్పితే మళ్ళీ సరిపోతుంది."

"మా టీచర్ల కోట్లు కూడా ఇక్కడే కుడతారు కదా. వాటికీ పెడతారా?"

"పెద్దవాళ్ళకెందుకే? గుడ్డ దండగ. వాళ్ళెక్కడ పెరుగుతారు? పెరిగేది పిల్లలే."

టేపక్క ఈ మాట తల వంచుకుని, దారం తెంపుతూ, మామూలుగా అంది. ఆ దారం తెగాక తలెత్తి చూసింది. పెన్సిల్ నోరు తెరుచుకుని నిలబడి ఉంది. మూడు వారాలుగా అది వెతుకుతున్న తప్పు, తల్లి ఒళ్ళో ఉన్న ఆ రెండంగుళాల గుడ్డలో ఉంది.

"అమ్మా! నువ్వు లెక్కలో కూడా పిల్లలకే మడత పెడుతున్నావు!"

"ఏమంటున్నావే?"

పెన్సిల్ సమాధానం చెప్పకుండా తల్లి మెడలోంచి టేపు లాగేసింది. మాస్టారి టేపు మేకుకు తగిలించి ఉంటే అదీ తీసింది. రెండూ కటింగ్ బల్ల మీద మొదళ్ళు కలిపి పక్కపక్కనే పరిచింది.

"ఇది నీ టేపు, ఇది నాది. అంగుళం అంటే ఏడాది. నీకెన్నేళ్ళు?"

"ముప్పై ఏడు."

ముప్పై ఏడు దగ్గర ఒక గుండుసూది పెట్టింది. తన టేపు మీద పదకొండు దగ్గర ఇంకోటి పెట్టింది. "ఇప్పుడు అయిదేళ్ళు గడిచాయి," అని తన సూదిని మాత్రం పదహారుకు జరిపింది.

"మరి నాది జరపవేం?" అంది టేపక్క.

"నువ్వే జరపనివ్వడం లేదుగా, మూడు వారాల్నుంచి!"

టేపక్క తన సూది వంక చూసింది. నెమ్మదిగా చెయ్యి చాచి దాన్ని తీసి నలభై రెండు దగ్గర పెట్టింది. నలభై రెండు. పదిహేనేళ్ళుగా ఊరందరి పిల్లల నడుములూ భుజాలూ ఏ ఏటికాయేడు కొలుస్తూ, వాళ్ళకు మడతలు పెడుతూ, తన సూదిని ఒక్కసారి కూడా జరపలేదు. ఈ మధ్య సూదిలోకి దారం పెన్సిలే ఎక్కిస్తోంది, వెలుతురు తక్కువైందని తను బల్బును తిడుతోంది.

కానీ బట్టలు కోసే మనిషి కన్ను ఊరుకోదు. ఆవిడ కొలతలు గీసుకునే ప్యాటర్న్ కాగితంలోంచి ఒక సన్నటి పట్టీ కత్తిరించి, రెండు సూదుల మధ్య దూరానికి సరిగ్గా కోసింది. ఇరవై ఆరంగుళాలు. సూదులు రెండింటినీ ఇంకో పదేళ్ళు జరిపి, పట్టీ మళ్ళీ మధ్యలో పెట్టింది. సరిపోయింది. వెనక్కి, పెన్సిల్ పుట్టిన ఏడాదికి జరిపింది. అప్పుడూ సరిపోయింది.

"ఇది మారదన్నమాట," అంది ఆశ్చర్యంగా. "మనిద్దరం ఎంత పెరిగినా ఇది ఇంతే. అయితే ఇంకేం, పట్టుకోవాల్సింది దీన్నే! ఆ తండ్రీకొడుకుల లెక్క మళ్ళీ చెప్పు."

పెన్సిల్ చెప్పింది. ఇప్పుడు నాలుగు రెట్లు, ఇరవై ఏళ్ళ తర్వాత రెండు రెట్లు.

టేపక్క ఇంకో కాగితం పట్టీ తీసి నాలుగు సమానమైన మడతలు పెట్టింది. "ఇది తండ్రి. ఇందులో ఒక మడత కొడుకు. అది తీసేస్తే మిగిలిన మూడు మడతలూ తేడా. ఈ తేడా ఎప్పటికీ మారదు. ఇరవై ఏళ్ళ తర్వాత తండ్రి రెండు రెట్లంటే, అప్పుడు తేడా ఎంతో కొడుకూ అంత. అంటే కొడుకు మూడు మడతలయ్యాడు. ఇప్పుడున్నది ఒక మడత. కలిసినవి రెండు. ఆ రెండు మడతలే ఇరవై ఏళ్ళు. ఒక మడత పది!"

"కొడుక్కి పది, తండ్రికి నలభై," అంది పెన్సిల్ గుసగుసగా. "అమ్మా, ఇది మా పుస్తకంలో లేదు."

"మీ పుస్తకం రాసినాయన గౌను కుట్టి ఉండడు."

ఆ మధ్యాహ్నం ఇద్దరూ ఆ బల్ల మీద ఆటలాడుకున్నట్టు లెక్కలు చేశారు. పెన్సిల్ తన సూదిని ఒకటి దగ్గరా, తల్లి సూదిని ఇరవై ఏడు దగ్గరా పెట్టింది. అప్పుడు అమ్మ తనకు ఇరవై ఏడు రెట్లు. ఇప్పుడు మూడున్నర రెట్లు కూడా లేదు. రెండేళ్ళు పోతే మూడే. తనకు ఇరవై ఆరొచ్చేసరికి రెండు.

"తగ్గిపోతున్నావమ్మా," అంది పెన్సిల్, బెంగగా.

టేపక్క దాన్ని దగ్గరికి లాక్కుంది. పిల్ల నడినెత్తిన చెయ్యి వేసి, "తగ్గడం లేదే, పిచ్చిదానా. నువ్వు పెద్దదానివవుతున్నావు. పట్టీ చూడు, అంగుళం కదిలిందా?" అంది.

పరీక్ష ఒక స్కూలు హాల్లో జరిగింది. అన్నీ పిల్లల బెంచీలే, టేపక్క మోకాళ్ళు డెస్కుకు కొట్టుకుంటున్నాయి. గుమ్మం దగ్గరే కాపలా ఉన్న ఇన్విజిలేటరు టేపక్క మెడ వంక అనుమానంగా చూశాడు.

"అదేమిటమ్మా?"

"టేపండీ." వేసుకొచ్చానన్న ధ్యాసే లేదు ఆవిడకు.

"అంకెలున్నవి ఏవీ లోపలికి రాకూడదు."

టేపు తీసి ఆయన చేతిలో పెట్టాక మెడ బోసిగా, చలేసినట్టుగా అనిపించింది. కూడికలూ భాగహారాలూ చకచకా అయిపోయాయి. పదకొండో ప్రశ్న వయసుల లెక్క. తల్లి వయసు కూతురి వయసుకు మూడు రెట్లు. పన్నెండేళ్ళ తరువాత రెండు రెట్లు. ప్రస్తుత వయసులు కనుక్కోండి.

చెయ్యి దానంతటది వేసేసింది. కూతురికి ఇరవై నాలుగు, తల్లికి డెబ్బై రెండు. సరిచూసుకుంది. పన్నెండు కలిపితే కూతురికి ముప్పై ఆరు. డెబ్బై రెండు దానికి రెండు రెట్లు. చక్కగా సరిపోయింది. పేజీ తిప్పబోతూ ఆగింది. అంత చక్కగా సరిపోవడమే అనుమానంగా అనిపించింది. ఆ తల్లి సూది ఎవరూ జరపలేదు. పన్నెండేళ్ళూ పాపం అక్కడే నిలబడి ఉంది.

రఫ్ కాగితం అంచును పొడుగ్గా చించి, మూడు మడతలు పెట్టింది. ఒకటి కూతురు. రెండు తేడా. పన్నెండేళ్ళ తర్వాత కూతురు తేడా అంత అవ్వాలి, అంటే రెండు మడతలు. కలిసింది ఒక్క మడత. ఆ మడతే పన్నెండు. రాసిందంతా కొట్టేసి, కూతురికి పన్నెండు, తల్లికి ముప్పై ఆరు అని పెద్ద అక్షరాలతో రాసింది. పట్టీ బొమ్మ కూడా గీసి, అది ఎక్కడ మడిచిందో చుక్కలతో చూపించింది. కాగితం దిద్దేవాళ్ళకు కుట్టు వచ్చో రాదో అని, పక్కన రెండు వాక్యాలు వివరంగా రాసింది.

పది రోజులకు ఫలితం వచ్చింది. వర్క్‌షాపు ఫోనుకు కబురొస్తే మేనేజరే వచ్చి చెప్పాడు. నలభై మూడు. సాయంత్రం గుమ్మంలో చెప్పులు విప్పకుండానే ఆ అంకె చెప్పింది టేపక్క. "ముప్పై అయిదూ ఎనిమిదీ!" అని అరిచి పెన్సిల్ తల్లి మీదికి ఎగిరింది. బస్సు డ్రైవరు ఇద్దర్నీ కలిపి పట్టుకుని, నాకూ ఎవరైనా రెండు మార్కులు వెయ్యండి, అయిదు వారాలు వంట చేశాను అన్నాడు. వేశారు.

నెలాఖరున మాస్టారు తన కోటు మడిచి టేపక్క చేతిలో పెట్టారు. ఆయన పొడగరి. ఆవిడకు కోటు నాలుగంగుళాలు కిందికి దిగుతోంది. ఇంటికి తెచ్చింది గాని, ఆ వారమంతా ఆర్డర్ల ఒత్తిడిలో దాన్ని ముట్టుకునే తీరిక దొరకలేదు. సోమవారం పొద్దున హడావిడిగా మేకుకున్న కోటు తీసి చూస్తే, అంచు ఎవరో కుట్టేసి ఉన్నారు. ఎవరో ఏమిటి, చూడగానే తెలుస్తుంది. ఒక కుట్టు పొడుగు, ఒకటి పొట్టి, మధ్యలో రెండుచోట్ల దారం ముడిపడి ఉంది. తలుపు వెనక పెన్సిల్ వేళ్ళు వెనక్కి దాచుకుని నిలబడింది. లాగి చూస్తే, సూది పొడుచుకోని వేలు ఒక్కటీ లేదు.

పదిహేనేళ్ళుగా టేపక్క కంటి ముందు వంకర కుట్టు బతికి బట్టకట్టింది లేదు. చెయ్యి అలవాటుగా కుట్లు విప్పే చిన్న కత్తి తీసుకుంది. అంచు తిరగేసి చూస్తే లోపల గుడ్డ దళసరిగా తగిలింది.

"మిగిలిన గుడ్డ కత్తిరించలేదేమే? నాలుగంగుళాలూ లోపలే పెట్టి కుట్టేశావు."

"పెరిగే మడతమ్మా."

"నాకా? నేనెక్కడ పెరుగుతానే?"

"ఏళ్ళు ఇద్దరికీ కలపాలి," అంది పెన్సిల్, టీచరు గొంతుతో. "లేకపోతే ఎనిమిది మార్కులు పోతాయి."

టేపక్క కత్తి బల్ల మీద పెట్టేసింది. కోటు తొడుక్కుని గుండీలు పెట్టుకుంటుంటే కళ్ళు మసకబారి ఒక గుండీ తప్పు కన్నంలోకి వెళ్ళింది. దాన్ని పెన్సిల్ సరిచేసింది.

ఆవిడ కోటు వేసుకుని బల్ల దగ్గర మొదటి కత్తెర వేయడం చూడాలని మాస్టారు ఆ రోజు పనిగట్టుకుని వచ్చారు. ఆయన చేతులు వణికినా చూపు వణకలేదు. కోటు అంచు మీదికి వెళ్ళిన చూపు అక్కడే ఆగిపోయింది.

"అమ్మాయ్, ఆ కుట్టేమిటి? పన్నెండు మిషన్ల వాళ్ళూ చూస్తున్నారు. ముందు దాన్ని విప్పు."

"ఇప్పుడే కాదు మాస్టారూ," అంది టేపక్క, నీలం గుడ్డ బల్ల మీద పరుస్తూ. "పెరిగాక విప్పుతాను."